మొన తీయని కొమ్ము

కొమ్ములున్నవి పొడవడానికే ఉన్నాయని లోకం నమ్ముతుంది. కొమ్ముల ఎదుట నిలబడి అది నిజమేనా అని చూసే తీరిక ఎవరికీ ఉండదు కనుక ఆ నమ్మకం తరతరాలుగా అలాగే సాగుతోంది. తిరుచానూరు రోడ్డు పక్క సందులో ఫైబర్ బొమ్మలు పోసే ధనశేఖర్ వ్యాపారం సగానికి సగం దాని మీదే నడుస్తోంది. బెంగళూరు హైవే మీది హోటళ్ళ ముందు తల వంచి, తోక ఎత్తి, ముక్కుపుటాలు ఉబ్బించి నిలబడిన ఎర్రటి ఆబోతులు చాలావరకు అతని షెడ్డులో పుట్టినవే. కల్యాణ మండపాలకు ఏనుగులు, లాడ్జీలకు హంసలు పోసినా తన పేరు నిలబెట్టింది ఆబోతేనని అతను చెప్పుకుంటాడు. కొమ్ము ఎంత వాడిగా ఉంటే గిరాకీ అంత.

అరవై మూడేళ్ళ కుప్పయ్య ఆ షెడ్డులో ఉప్పుకాగితం పట్టుకుని కూర్చుంటాడు. అచ్చులోంచి వచ్చిన బొమ్మకు రెండు సగాలు కలిసిన చోట గట్టులా లేచే అతుకును రుద్ది నున్నగా చేయడం అతని పని. చంద్రగిరి అవతలి పల్లె నుంచి పొద్దున్నే బస్సులో వస్తాడు. సాయంత్రం ఐదింటికి చేతులు కడుక్కుని వెళ్ళిపోతాడు. అతన్ని గొప్ప పనివాడని అనడం సరికాదు. అతనికన్నా వేగంగా రుద్దేవాళ్ళు ఆ షెడ్డులోనే ఇద్దరున్నారు. అయితే ఆ ఇద్దరికీ తెలిసిన విచిత్రం ఒకటుంది: కుప్పయ్య ఆబోతు ఒళ్ళంతా రుద్దుతాడు, కొమ్ముల వంపు కూడా రుద్దుతాడు, కానీ మొన తీయడు. కొమ్ము చివర నాలుగు వేళ్ళ మేర వదిలేసి లేచిపోతాడు. ఆరేళ్ళుగా ఆ మిగిలిన పని వాళ్ళే చేస్తున్నారు. ముసలాయన చాదస్తమనుకున్నారే గాని కారణం అడగలేదు.

కారణం నలభై నాలుగేళ్ళ నాటిది.

కుప్పయ్య వాళ్ళది చిన్న సేద్యం. దానితోబాటు వాళ్ళ నాయనకు కొమ్ములు చెక్కే పని వచ్చు. పశువుల పండగ వస్తుందనగా చుట్టుపక్కల పల్లెల వాళ్ళు ఎద్దుల్ని వాళ్ళింటి ముందుకు తోలుకొచ్చేవాళ్ళు. చిన్న కత్తితో కొమ్ము మీది గరుకు తీసి, గాజుపెంకుతో గీకి, ఆముదం రాసి, రంగు వేసి, చివర్లకు ఇత్తడి కుప్పెలు తొడగాలి. పండగనాడు ఆ కొమ్ములకు బొమ్మల పలకలు కట్టి ఎద్దుల్ని వీధిలో వదిలితే కుర్రకారు వాటిని ఊడబెరుక్కోవడానికి ఎగబడతారు. పలక ఎవరికీ చిక్కకుండా ఇంటికి చేరిన ఎద్దుదే ఆ ఏటి పేరు. అందుకని, దగ్గరికొచ్చే చెయ్యి వెనక్కి పోయేట్టు, కుప్పెలు మాని కొమ్మునే మొన తేల్చమని అడిగేవాళ్ళూ ఉండేవారు.

కొడుక్కి కత్తి ఇచ్చిన రోజున నాయన ఒకే సంగతి చెప్పాడు. "పైన ఉండేది సచ్చిన కొమ్మురా. లోపల బతికిన ఎముక ఉండాది. సచ్చినదాన్నే చెక్కాల." ఆ రెండింటి నడుమ హద్దు కంటికి కనబడదు. బొటనవేలు ఆనించి చూస్తే మొదట్లో వెచ్చగా, చివర్లో చల్లగా తగులుతుంది. వెచ్చదనం మొదలైన చోటే కత్తి ఆగాలి.

పంతొమ్మిదో ఏట కుప్పయ్య దగ్గరికి చెంగల్రాయుడనే రైతు తన లేత ఎర్రటి పుల్లెద్దును తెచ్చాడు. పండగ పూట ఎద్దు శుభ్రంగా కనిపించాలని ఆయన తెల్లవారుతూనే కాలువలో ముంచి తోమి మరీ తోలుకొచ్చాడు. అది జనవరి పొద్దు. ఆ నీళ్ళకు కొమ్ము మొదలు నుంచి చివరి దాకా ఒకేలా చల్లగా ఉంది. కుప్పయ్య వేలు ఆనించాడు, చల్లగా తగిలింది, ఇంకా చాలా చచ్చిన కొమ్ము ఉందనుకున్నాడు. ఆరబెట్టి చూడాలన్న ఆలోచన రాలేదు. చెంగల్రాయుడు పక్కనే నిలబడి ఇంకొంచెం, ఇంకొంచెం అంటున్నాడు. కత్తి లోపలికి దిగింది. తెల్లటి పొరలోంచి నెత్తురు చిమ్మింది.

ఎద్దుకు మెడతాడు వదులుగానే ఉంది. అది తల విసిరి, బాగున్న రెండో కొమ్మును కుప్పయ్య పక్కటెముకల కింద ఆనించి, అతన్ని గోడ దాకా నెట్టింది. అప్పుడే తేల్చిన మొన అది. చొక్కా తెగి చర్మానికి తగిలింది. ఎద్దు ఊపిరి అతని పొట్ట మీద వేడిగా కొట్టుకుంది. ఇంకో అంగుళం చాలు. ఎద్దు అలాగే కాసేపు నిలబడింది. తరవాత తల వెనక్కి తీసుకుని, నెత్తురు కారుతున్న కొమ్మును గోడకు తాకకుండా పక్కకు వంచి, ఊరుకుంది.

దాన్ని చూసి ఎద్దులన్నీ మంచివని చెప్పడానికి లేదు. పొడిచిన ఎద్దుల్నీ కుప్పయ్య చూశాడు. ఒకదానివల్ల అతని చిన్నాన్న కుంటివాడయ్యాడు. ఆ ఒక్క ఎద్దు, ఆ ఒక్క పొద్దున, పొడవగలిగి కూడా ఆగిందన్నదే అతనికి తెలిసింది. ఎందుకు ఆగిందో తెలియదు. కారణం తెలిస్తే ఆ మేలుకు బదులు తీర్చుకునే దారి కూడా తెలిసేది. తెలియకపోవడం వల్ల అది అతని దగ్గరే ఉండిపోయింది.

ఎద్దు గాయానికి పసుపు అద్ది, నూనెగుడ్డ కట్టాడు. పుల్లెద్దు ఆ ఏడు వీధిలోకి రాలేదు. చెంగల్రాయుడు తిట్టని తిట్టు లేదు. ఆ రోజు నుంచి కుప్పయ్య ఏ కొమ్ముకూ మొన తీయలేదు. చెక్కుతాను, నున్న చేస్తాను, చివర గుండ్రంగా వదులుతాను, ఇష్టమైతే తోలుకురండి అనేవాడు. సగం మంది రావడం మానేశారు. పుల్లెద్దు ఇంకా పదకొండేళ్ళు బతికింది. ప్రతి పండగకూ కుప్పయ్య ఒక మోపు పచ్చగడ్డి, ఇంత బెల్లం తీసుకెళ్ళి దాని ముందు పెట్టి వచ్చేవాడు. అది పోయిన కొన్నాళ్ళకు చేను గట్టున దాని పుర్రె కనబడింది. ముట్టుకోగానే కొమ్ము పైతొడుగు చేతిలోకి ఊడి వచ్చింది. లోపలి ఎముక పుర్రెకే ఉండిపోయింది. తొడుగు జానెడున్నర, ఎముక జానెడు కూడా లేదు. ఆ తొడుగును ఇంటికి తెచ్చి అటక మీద పెట్టుకున్నాడు.

తరవాత ట్రాక్టర్లు వచ్చాయి. కొమ్ములు చెక్కించుకునే ఎద్దులే కరువయ్యాయి. ఇరవై ఏళ్ళ పాటు కత్తి గూట్లో ఉండిపోయింది. ధనశేఖర్ షెడ్డులో మొదటి రోజు ఫైబర్ కొమ్ము మీద అరచెయ్యి పెట్టినప్పుడు, తన వేళ్ళకు తెలిసిన సంగతి ఇంకా పోలేదని అతనికి అర్థమైంది. తిండికి అతనికి లోటు లేదు. రెండెకరాల మామిడి ఉంది. అతనికి కావలసింది వేళ్ళకు పని. ఆ పని ఈ భూమ్మీద ఇంకెక్కడా దొరకదు. అందుకే ఎవరేమన్నా ఆ షెడ్డులో తన చోటును పోగొట్టుకోకూడదని అతను జాగ్రత్తగా ఉండేవాడు.

ఆ చోటుకు ముప్పు ఒక డైనోసార్ వల్ల వచ్చింది.

బంగారుపాళ్యంలో మామిడి గుజ్జు ఫ్యాక్టరీ నడిపే ఒకాయన అక్కడొక బడి పెట్టించాడు. బడి వరండాలో పిల్లల కోసం డైనోసార్ నిలబెట్టాలని ఆయన కోరిక. ఆయన మనసులో ఉన్నది రెండంతస్తుల ఎత్తున పళ్ళు బయటపెట్టిన మృగం. వరండా కప్పు తొమ్మిదడుగులే. సలహా అడిగితే, తిరుపతి కాలేజీలో భూగర్భశాస్త్రం చెప్పే గీతాంజలి అనే అమ్మాయి చిన్నదాన్ని చూపించింది: గడ్డీ గాదమూ తినే కొమ్ముల డైనోసార్, బ్రాకీసెరటాప్స్. మూతి నుంచి తోక దాకా అయిదడుగులు. చిలక ముక్కులాంటి మూతి, ముక్కు మీద ఒక కొమ్ము, కళ్ళ మీద రెండు బుడిపెలు, మెడ వెనక విసనకర్రలాంటి ఎముక. యజమాని ఒప్పుకున్నాడు గాని, చిన్నదైనా సరే, చూడగానే పిల్లలు జడుసుకోవాలని కబురు పంపాడు. ధనశేఖర్ అది చెవిన వేసుకున్నాడు. అచ్చు ఎలాగూ కొత్తది; వేషం మాత్రం తన ఆబోతుదే పెడితే సరిపోతుందనుకున్నాడు.

ఈ సంగతి ఇంట్లో చెప్పినప్పుడు కుప్పయ్య భార్య తిరుమలమ్మ నవ్వు ఆపుకోలేకపోయింది. "ఎద్దులు అయిపాయ, ఇంక బల్లుల కొమ్ములు చెక్కతావా? కుప్పెలు కూడా తొడిగేసి రాప్పా, పండక్కి తోలుకొస్తారు," అంది.

గీతాంజలి నగరి మగ్గాల వాళ్ళమ్మాయి. పని ఎంతవరకు వచ్చిందో చూడటానికి షెడ్డుకు వచ్చినప్పుడు ఎముకల ఫోటోలు తెచ్చి బల్ల మీద పరిచింది. మిగతా ఇద్దరు పనివాళ్ళూ ఏనుగులు బిగించడానికి నెల్లూరు వెళ్ళి ఉన్నారు. కుప్పయ్య చేతులు తుడుచుకుని దగ్గరికి వచ్చి, ముక్కు మీది కొమ్ము ఫోటో దగ్గర చాలాసేపు ఆగిపోయాడు. ఆమె ఏమైనా కావాలా పెద్దాయనా అని అడిగింది.

"ఇది కొమ్మా అమ్మా, లోపలి ఎముకా?"

ఎముకేనని ఆమె చెప్పింది. కొమ్ము పైన ఉండే తొడుగు మట్టిలో నిలవదు, ఎముకే రాయిగా మారి మిగులుతుంది.

"అయితే బతికుండంగా ఇంతకన్నా పొడుగుంటాది."

ఆమె అతని వంక మళ్ళీ చూసింది. అది నిజమేనని, చాలా బొమ్మల్లో ఆ తప్పు జరుగుతుందని, ఎముకంతే కొమ్ము అనుకుని చేసేస్తారని చెప్పింది. ఎంత పొడుగుండేదో మాత్రం ఎవరికీ తెలియదట. కుప్పయ్య ఇంకా ఫోటో వదల్లేదు. కొమ్ము నడుమ నిలువునా ఒక గీత ఉంది. రెండు సగాలు పక్కపక్కన నిలబెట్టినట్టు. లేగదూడకు మొలిచే కొమ్ము మొదట చర్మంలోనే కదులుతూ ఉంటుందనీ, నెలలు గడిస్తేనే పుర్రెను అంటుకుంటుందనీ అతనికి తెలుసు. తల నిమిరిన వేలికి తెలిసిన సంగతి అది.

"ఇది ఇంకా కుదురుకోలా అమ్మా. ఈ అతుకు సూడు. ఇది దూడ."

గీతాంజలి ఫోటోను దగ్గరికి తీసుకుని ఆ అతుకును చూసింది. కుర్చీ లాక్కుని కూర్చుని, అప్పుడు చెప్పింది. నూరేళ్ళకు పైగా కిందట అమెరికాలో ఒకచోట దొరికాయి ఈ ఎముకలు. అయిదారు జంతువులవి, ఒక్క చోటే, అన్నీ ఇంచుమించు ఒకే సైజు. ఎముకల అతుకులు కలవలేదు కనుక అన్నీ పిల్లలేనని చదువుకున్నవాళ్ళు తేల్చారు. పెద్దయ్యాక ఎలా ఉండేవో ఇప్పటికీ వాదనే.

"ఆడ పెద్దది యాదీ దొరకలేదా?"

ఆ చోట దొరకలేదంది. కుప్పయ్య ఫోటోలను వరసగా పేర్చి ఆమెకు ఇచ్చేశాడు. మరునాడు ఆమె మళ్ళీ షెడ్డుకు వచ్చినప్పుడు, అటక మీది పుల్లెద్దు కొమ్ము తొడుగును గుడ్డలో చుట్టి తెచ్చి చూపించాడు. ఆమె దాన్ని తీసుకుని లోపలికి వేళ్ళు పోనిచ్చి, ఎముక ఎక్కడి దాకా వచ్చి ఉంటుందో చూసింది. అది ఎవరి ఎద్దని అడిగింది. అతను చెప్పాడు. నలభై నాలుగేళ్ళలో ఆ కథ పూర్తిగా విన్న రెండో మనిషి ఆమె. మొదటి మనిషి తిరుమలమ్మ.

ఆ వారంలో కుప్పయ్య ఒక కొమ్ము తయారు చేశాడు. ఫోటోలోని ఎముక కన్నా కొంచెం పొడుగు, చివర గుండ్రం. చెట్టుకు రుద్దుకునే దూడకు అరిగినట్టు ఒక పక్క అరగదీశాడు. గూట్లోని కత్తిని, గాజుపెంకును తెచ్చుకుని మరీ చేశాడు. పని ముగిశాక అందులో పొగడవలసిన నైపుణ్యం ఏమీ కనబడదు. ఏ లేగ తల మీదైనా ఉండేటువంటి కొమ్ము. కనబడకపోవడమే ఆ పనిలో ఉన్న మేలు.

ధనశేఖర్ దాన్ని చేతిలో తిప్పి చూసి బల్ల మీద పెట్టాడు. అతను చెడ్డవాడు కాడు. షెడ్డులో ఎవరికి జ్వరం వచ్చినా ఆస్పత్రికి తానే బండి మీద తీసుకెళతాడు. కాని ఫ్యాక్టరీ యజమాని మాట పోతే ఆ హైవే మీద తనకు ఇంకో పని రాదని అతని భయం. నెల్లూరు వెళ్ళినవాళ్ళు వచ్చేసరికి ఆలస్యమవుతుంది, కాబట్టి మొన కుప్పయ్యే తీయాలన్నాడు. కుప్పయ్య తీయనన్నాడు. అప్పుడు పుల్లెద్దు కథ ధనశేఖర్ కూడా వినవలసి వచ్చింది. విని, కాసేపు తల గోక్కున్నాడు.

"నీ మొక్కు ఎద్దులకి కదా మామా. ఫైబర్‌కి నొప్పి ఉండాదా? రత్తం వస్తాదా?"

"దానికేం లేదులే శేఖరా. నా చేతికి గుర్తుండాది."

"గుర్తుంటే ఇంట్లో పెట్టుకో. పిలకాయలు జడుసుకోవాలని ఆయన సెప్పినాడు. దూడని సూసి ఎవుడు జడుసుకుంటాడు?"

ఎవరూ జడుసుకోరని కుప్పయ్య ఒప్పుకున్నాడు. అంతకుమించి వాదించలేదు. ధనశేఖర్ తానే కూర్చుని ఆబోతు అచ్చులోంచి ఒక చిన్న కొమ్ము పోసి, చివర సూదిలా తేల్చాడు. బొమ్మ లారీలో పోవాలి కనుక ముక్కు కొమ్మును అక్కడికి వెళ్ళాకే మరతో బిగించాలి. బొమ్మను దించి నిలబెట్టడానికి తను, కొమ్ము బిగించడానికి కుప్పయ్య, ఇద్దరే వెళతారు. రెండు కొమ్ముల్నీ ఒకే సంచిలో వేసి కుప్పయ్య చేతికిచ్చాడు.

"బిగించేది నువ్వే. యాది బిగిస్తావో నీ ఇష్టం. బొమ్మని ఎనక్కి పంపించినారంటే మాత్రం మళ్ళా షెడ్డుకి రావద్దు మామా. నేను మంచిగానే సెప్తా ఉండాను."

మంచిగానే చెప్పాడని కుప్పయ్యకు తెలుసు. ఆ రాత్రి భోజనం దగ్గర తిరుమలమ్మతో ఆ మాట చెప్పాడు. ఆమె ఈసారి నవ్వలేదు. షెడ్డు పోతే పొద్దున లేచి ఏం చేస్తావని అడిగింది. మామిడి తోటకు సంవత్సరంలో నాలుగు నెలలే మనిషి కావాలి. ఇరవై ఏళ్ళు కత్తిని గూట్లో చూస్తూ గడిపిన మనిషి ఆ ఇరవై ఏళ్ళు ఎలా ఉండేవాడో ఆమెకు బాగా గుర్తుంది. అయినా సూదికొమ్మే పెట్టమని ఆమె అనలేదు. మజ్జిగ పోసి, నీ ఎద్దు, నీ ఇష్టం అంది.

పొద్దున మినీ లారీలో బొమ్మను పడుకోబెట్టి, గడ్డి దన్ను పెట్టి బయలుదేరారు. సంచి కుప్పయ్య ఒళ్ళో ఉంది. పూతలపట్టు దాటే దాకా ధనశేఖర్ ఫోన్లో ఎవరితోనో మాట్లాడుతూనే ఉన్నాడు. చిత్తూరు దాటి హైవే ఎక్కాక, రోడ్డు పక్క హోటలు ముందర తను పోసిన ఆబోతు కనబడితే అలవాటుగా తల తిప్పి చూశాడు. కుప్పయ్య కూడా చూశాడు. ఆ ఆబోతు ఒళ్ళు తను రుద్దిందే. దాని మీద అతనికి కోపం లేదు. ఆరేళ్ళు తన అరచేతులకు ఆ ఆబోతులే పని పెట్టాయి, వాటిని పోసినవాడు తనకు చోటిచ్చాడు. ఆ రుణం పుల్లెద్దు రుణం కన్నా చిన్నదని అతను అనుకోలేదు. ఒకదానికి కట్టుబడితే రెండోదాన్ని కాదన్నట్టవుతుందేమోనన్నదే ఆ దారి పొడవునా అతన్ని బాధించింది.

బడి హెడ్మిస్ట్రెస్ చంద్రకాంతమ్మ గేటు దగ్గరే ఎదురైంది. గీతాంజలి అప్పటికే వచ్చి, వరండాలో బొమ్మ నిలిచే చోట పొట్టి చెట్ల కుండీలు సర్దిస్తోంది. బొమ్మను దించి దిమ్మె మీద నిలబెట్టారు. కాళ్ళకు బోల్టులు ధనశేఖర్ బిగించాడు. కొమ్ము లేని ముక్కు మీద మర కోసం వదిలిన రంధ్రం మాత్రం నల్లగా కనబడుతోంది. ధనశేఖర్ లేచి, చేతులు దులుపుకుని, లారీ దగ్గరికి వెళ్ళి అటు తిరిగి నిలబడ్డాడు.

కుప్పయ్య దిమ్మె పక్కన కూర్చుని సంచి విప్పాడు. రెండు కొమ్ముల్నీ నేల మీద పెట్టాడు. మొద్దుగా ఉన్నదాన్ని తీసుకుని, అలవాటుగా బొటనవేలు ఆనించి, మర తిప్పి బిగించాడు. అరిగిన పక్క కుండీల వైపు ఉండేలా మరో పావు చుట్టు తిప్పాడు. సూదికొమ్మును మళ్ళీ సంచిలో వేశాడు.

చంద్రకాంతమ్మ ముందుకు వచ్చి చూసి, ఇది దూడ మాదిరి ఉందే అంది. దూడేనమ్మా అన్నాడు కుప్పయ్య. గీతాంజలి ఆ మాట నిజమేనని, ఎముకలు కూడా అదే చెబుతున్నాయని ఆమెకు వివరించసాగింది. యజమానికి ఫోటో పంపితే, జవాబు రావడానికి రెండు రోజులు పట్టింది. పిల్లలు దాన్ని వదలడం లేదట, ఉండనివ్వండి అన్నాడు. ఆ రెండు రోజులూ కుప్పయ్య షెడ్డుకు వెళ్ళలేదు. మూడో రోజు ధనశేఖర్ ఫోన్ చేసి, ఆబోతులు వచ్చి పడి ఉన్నాయి, వచ్చి రుద్దు మామా అన్నాడు. కుప్పయ్య వెళ్ళాడు. మొనలు ఇప్పటికీ మిగతా ఇద్దరే తీస్తున్నారు.

ఆ రోజు వరండాలో మాత్రం జవాబు ఏమొస్తుందో అతనికి తెలియదు. షెడ్డు పోతుందనే అనుకున్నాడు. అలా అనుకునే మొద్దుకొమ్మును బిగించాడు, సంచి మడిచి ధనశేఖర్ చేతికిచ్చాడు, చేతులు కడుక్కోవడానికి నీళ్ళు ఎక్కడున్నాయని చంద్రకాంతమ్మను అడిగాడు.